క్రిస్ట్‌బ్యోర్గ్ క్యెల్డ్: 1962లో గోగో, 2010లో అమ్మ గోగో. ఈ ఐస్‌లాండ్ నటి సుదీర్ఘ ప్రస్థానాన్ని ఎలా అర్థం చేసుకోవాలి?

ప్రశ్న: పరిశీలకురాలు, రాజమహేంద్రవరం

సభ్యులందరికీ నమస్కారం. ఐస్‌లాండ్ దర్శకుడు ఫ్రిద్రిక్ థోర్ ఫ్రిద్రిక్‌సన్ తీసిన ‘మమ్మా గోగో’ అనే 2010 నాటి చిత్రాన్ని ఈమధ్య చూశాను. అల్జీమర్స్ వ్యాధితో జ్ఞాపకశక్తిని క్రమంగా కోల్పోతున్న తల్లి, ఆమెను ఇంట్లో ఉంచుకోలేక, వృద్ధాశ్రమంలో వదిలి మనశ్శాంతిగా ఉండలేక నలిగిపోయే పిల్లలు, తీసిన సినిమా ఆడక అప్పులపాలైన దర్శకుడైన కొడుకు, స్థూలంగా ఇదీ కథ. తల్లి పాత్రను ధరించిన క్రిస్ట్‌బ్యోర్గ్ క్యెల్డ్ నటన చూశాక ఆమె గురించి తెలుసుకోవాలనే కోరిక కలిగింది.

ఆ చిత్రంలో తల్లి యౌవనాన్ని చూపించే నలుపు తెలుపు దృశ్యాలు మధ్యమధ్యలో వస్తాయి. ఆ దృశ్యాల్లోని యువతి కూడా క్రిస్ట్‌బ్యోర్గ్ గారేననీ, అవి ఆమె నాయికగా నటించిన 1962 నాటి ‘79 ఆఫ్ స్టోదిన్ని’ అనే చిత్రంలోనివేననీ చదివినప్పుడు చాలా ఆశ్చర్యపోయాను. ఆ రెండు చిత్రాల మధ్య 48 సంవత్సరాల దూరం ఉంది. ఇంత చిన్న దేశంలో, అన్నేళ్లపాటు ఒక నటి సినిమాల్లో ఎలా నిలబడగలిగింది? మన సినిమాల్లో నిర్మలమ్మ గారి వంటి వారు రంగస్థలం నుంచి వచ్చి, ఏటా ఎన్నో చిత్రాల్లో బామ్మలుగా, అత్తలుగా నటిస్తూ ప్రేక్షకుల కళ్లముందే వృద్ధులయ్యారు. ఏటా అన్నేసి చిత్రాలు తీసే వీలులేని ఐస్‌లాండ్‌లో ఒక నటి జీవితం ఏ విధంగా సాగుతుంది? మధ్యకాలంలో ఆమె ఏం చేశారు? ఆమె నటించిన మరే చిత్రాలు చూడదగినవి? వీలైనంత వివరంగా చెప్పవలసిందిగా కోరుతున్నాను.

సమాధానం: ఉత్తరతీరం

పరిశీలకురాలు గారూ, ఉద్యోగరీత్యా కొంతకాలం ఐస్‌లాండ్ రాజధాని రేక్యావిక్‌లో ఉన్నందువల్ల ఈ నటిని తెరమీదా, ఆమె పేరు అక్కడివారి సంభాషణల్లోనూ గమనించే అవకాశం నాకు కలిగింది. మీరు అడిగిన ప్రశ్నకు జవాబు చెప్పాలంటే ముందు ఆ దేశపు సినిమా చరిత్ర గురించి నాలుగు మాటలు చెప్పుకోవాలి, ఎందుకంటే ఆమె ప్రస్థానంలోని ఎగుడుదిగుళ్లన్నీ ఆ చరిత్రలోని ఎగుడుదిగుళ్లే.

క్రిస్ట్‌బ్యోర్గ్ క్యెల్డ్ 1935లో నైరుతి ఐస్‌లాండ్‌లోని ఇన్రీ న్యార్ద్‌విక్ అనే సముద్రతీర గ్రామంలో పుట్టారు. ఆ ఊరు కెఫ్లావిక్ పట్టణాన్ని ఆనుకొని ఉంటుంది. ఆమె బాల్యంలోనే, అంటే 1940 మే నెలలో, బ్రిటిష్ సైన్యం ఆ దేశంలో దిగింది. మరుసటి ఏడాది అమెరికన్లు వచ్చారు. 1951లో కుదిరిన రక్షణ ఒప్పందంతో కెఫ్లావిక్ విమానాశ్రయం దగ్గర అమెరికన్ సైనిక స్థావరం స్థిరపడి, 2006 వరకూ కొనసాగింది. విదేశీ సైనికులతో స్నేహం చేసిన ఆడవాళ్లమీద ఆ సమాజం వేసిన మచ్చ చాలాకాలం చెరిగిపోలేదు. ఈ సంగతి ఎందుకు చెబుతున్నానంటే, ఆమె తొలి ముఖ్య పాత్ర అయిన గోగో సరిగ్గా ఈ గాయం మీదనే నిలబడిన పాత్ర.

‘79 ఆఫ్ స్టోదిన్ని’ చిత్రానికి మూలం ఇంద్రిది జి. థోర్‌స్టెయిన్‌సన్ రాసిన 1955 నాటి నవల. ఉత్తరాదిలోని వ్యవసాయ కుటుంబం నుంచి వచ్చి రేక్యావిక్‌లో టాక్సీ నడుపుకునే రగ్నార్ అనే యువకుడు, కెఫ్లావిక్ దారిలో కారు చెడిపోయి ఆగిపోయిన ఒక స్త్రీకి సాయం చేస్తాడు. ఆమే గోగో. ఆమె భర్త డెన్మార్క్‌లో మానసిక చికిత్సాలయంలో ఉంటాడు. రగ్నార్ ఆమెను మనసారా ప్రేమిస్తాడు. ఆమెకు ఒక అమెరికన్ సైనికుడితో కూడా సంబంధం ఉన్నదని తెలిసినప్పుడు భరించలేక, రాత్రికి రాత్రి స్వగ్రామానికి బయలుదేరి, దారిలో కారు ప్రమాదంలో మరణిస్తాడు. రగ్నార్‌గా నటించినవారు గున్నార్ ఎయోల్ఫ్‌సన్. ఈ పేరు గుర్తుపెట్టుకోండి, మళ్లీ వస్తుంది. దర్శకుడు డెన్మార్క్‌కు చెందిన ఎరిక్ బాలింగ్. చిత్రానువాదం రాసినవారు నాటి ఐస్‌లాండ్ నేషనల్ థియేటర్ అధిపతి. అప్పటికి ఆ దేశ జనాభా రెండు లక్షలు కూడా లేదు. సినిమాకు కావలసిన సాంకేతిక నిపుణులూ, పరికరాలూ అక్కడ తగినంతగా లేవు కనుక డేనిష్ సంస్థ తోడ్పాటు తీసుకున్నారు, అయితే కథ, భాష, నటీనటులు మాత్రం ఐస్‌లాండ్‌వే. దీని విలువ తెలియాలంటే 1954లో వచ్చిన ‘సల్కా వల్కా’ను గుర్తుచేసుకోవాలి. హాల్దోర్ లాక్స్‌నెస్ నవల ఆధారంగా ఐస్‌లాండ్ జాలరి పిల్ల కథను తెరకెక్కించినప్పుడు నాయికగా నటించింది స్వీడన్ నటి. ఎనిమిదేళ్ల తరువాత క్రిస్ట్‌బ్యోర్గ్ తన భాషలో, తన ఊరి పక్కనే పుట్టిన కథలో నాయిక అయ్యారు. అప్పటికి ఆమె వయసు 27.

అంత గొప్ప ఆరంభం తరువాత సినిమా ఆగిపోయింది. ఆమెకు అవకాశాలు రాక కాదు, ఎవరికీ రాలేదు. ఆ దేశంలో కథాచిత్రాల నిర్మాణం ఒక క్రమమైన వృత్తిగా మారడానికి 1978లో చలనచిత్ర చట్టం వచ్చి, ప్రభుత్వ నిధి ఏర్పడేవరకు ఆగవలసి వచ్చింది. 1980లో ఆ నిధి ఫలాలుగా మొదటి చిత్రాలు విడుదలయ్యాయి. వాటిలో ప్రముఖమైన ‘లాండ్ ఓగ్ సినిర్’ కూడా ఇంద్రిది నవల నుంచే రావడం విశేషం. ఒక నటి యౌవనం నుంచి మధ్యవయసుకు చేరే ఆ పద్దెనిమిదేళ్లలో ఆమె దేశానికి చెప్పుకోదగ్గ సినీ పరిశ్రమే లేదు. ఏ నాయికకైనా వెండితెర మీద అత్యంత ఫలవంతమైన కాలం అదే కదా! ఆమె చేయగలిగి ఉండీ చేయలేకపోయిన పాత్రల గురించి తలచుకుంటే నాకు ఇప్పటికీ మనసు బరువెక్కుతుంది.

కొత్త తరం దర్శకులు 1980లలో ఎక్కువగా యువ నటులతో చిత్రాలు తీశారు. క్రిస్ట్‌బ్యోర్గ్ గారి సినీ జీవితంలోని రెండో ఘట్టం నా దృష్టిలో 2001లో, ఆమెకు 66 ఏళ్ల వయసులో, ‘మౌవహ్లౌతుర్’ చిత్రంతో ఆరంభమవుతుంది. ఔగుస్ట్ గుద్ముండ్‌సన్ దర్శకత్వం వహించిన ఈ చిత్రం 1950ల నాటి కథ. అమెరికన్ అధికారిని పెళ్లాడి వెళ్లిన ఫ్రేయా అనే యువతి భర్త చనిపోయాక, పెట్టెలనిండా బట్టలతో స్వదేశానికి తిరిగివస్తుంది. ఆడవాళ్లతో నిండిన ఆ ఇంటికి పెద్దదిక్కు అయిన అమ్మమ్మగా క్రిస్ట్‌బ్యోర్గ్ నటించారు. ఈ పాత్రకు ఆమెకు ఆ దేశపు జాతీయ చలనచిత్ర పురస్కారమైన ఎద్దా బహుమతి లభించింది. ఒకప్పుడు అమెరికన్ నీడ పడిన యువతిగా నటించిన నటి, నలభై ఏళ్ల తరువాత అలాంటి మరో యువతిని తన ఇంట్లోకి ఆహ్వానించే వృద్ధురాలిగా కనిపించడం యాదృచ్ఛికమే కావచ్చు. నేను మాత్రం ఈ రెండు చిత్రాలనూ విడివిడిగా చూడలేను.

మరుసటి ఏడాది బాల్టసార్ కోర్మాకుర్ తీసిన ‘హావిద్’ వచ్చింది. తూర్పు తీరంలోని ఒక చేపల రేవులో చేపల కర్మాగారం నడిపే మొండి పెద్దాయన తన పిల్లలందరినీ పిలిపించి లెక్కలు తేల్చే కథ ఇది. చేపల వేట హక్కుల కోటాలను పెద్ద సంస్థలకు అమ్ముకొని చిన్న ఊళ్లు చితికిపోతున్న కాలంలో ఇది వచ్చింది. పెద్దాయనగా గున్నార్ ఎయోల్ఫ్‌సన్, ఆయన భార్యగా క్రిస్ట్‌బ్యోర్గ్ నటించారు. ఆ భార్య ఆయనకు రెండో భార్య మాత్రమే కాదు, చనిపోయిన మొదటి భార్యకు సొంత చెల్లెలు కూడా. 1962 నాటి ప్రేమికులు నలభై ఏళ్ల తరువాత ఒకే ఇంట్లో, ఒకరి గుట్టు ఒకరు మోస్తూ బతికే దంపతులుగా కనిపిస్తారు. 2004లో హిల్మార్ ఓద్సన్ తీసిన ‘కాల్దల్యోస్’లో కూడా ఆమె ఉన్నారు. ఆపైన మీరు చూసిన ‘మమ్మా గోగో’. ఈ చిత్రంలో తల్లికి కనిపించి మాట్లాడే, ఎప్పుడో మరణించిన భర్తగా నటించింది కూడా ఆ గున్నార్ గారే. 1926లో పుట్టిన ఆయన 2016లో కన్నుమూశారు.

సమాధానం: రంగస్థల అభిమాని, తెనాలి

ఉత్తరతీరం గారి సమాధానం చాలా విలువైనది. అయితే ఆయన వాడిన ఒక మాటతో నేను వినయంగా విభేదించదలచుకున్నాను. ఆమె ‘చేయలేకపోయిన పాత్రలు’ అని ఆయన బాధపడ్డారు. 1962కూ 2001కీ మధ్యకాలాన్ని సినిమా వైపు నుంచి చూస్తే అది ఖాళీగా కనిపిస్తుంది. నాటకశాల వైపు నుంచి చూస్తే అది ఆమె జీవితంలో కిక్కిరిసిన కాలం. ఆమె ప్రథమంగా నేషనల్ థియేటర్ నటి. ఆ సంస్థ సొంత నటనా పాఠశాలలోనే శిక్షణ పొంది, దశాబ్దాలపాటు అక్కడి వేదికమీదే పనిచేశారు.

ఆ నాటకశాల కథ కూడా చెప్పుకోదగినది. గుద్యోన్ సామ్యుయెల్‌సన్ అనే వాస్తుశిల్పి రూపొందించిన ఆ కట్టడపు ప్రేక్షకశాల లోకప్పు, అగ్నిపర్వతపు లావా గడ్డకట్టి ఏర్పడే రాతి స్తంభాలను తలపిస్తుంది. నిర్మాణం మొదలైన తరువాత డబ్బు చాలక ఏళ్లతరబడి ఆగిపోయింది. యుద్ధకాలంలో బ్రిటిష్ సైన్యం దానిని సరుకుల గిడ్డంగిగా వాడుకుంది. చివరికి 1950 ఏప్రిల్‌లో తెరలేచింది. ప్రారంభోత్సవంలో ప్రదర్శించిన మూడు నాటకాలలో ఒకటైన లాక్స్‌నెస్ ‘ఐస్‌లాండ్ గంట’లో నాయికగా నటించిన హెర్దిస్ థోర్వాల్డ్స్‌డోత్తిర్ గారిని ఇక్కడ తలచుకోవాలి. ఎందుకంటే, ఉత్తరతీరం గారు చెప్పిన ‘హావిద్’ చిత్రంలో ఆ ఇంటి ముసలి అమ్మమ్మగా, అందరినీ దెప్పుతూ కూర్చునే ఆమె ఈ హెర్దిస్ గారే. 1923లో పుట్టిన ఆమె అప్పటికి 80కి దగ్గరపడ్డారు. ఆమె కుమార్తె తిన్నా గున్‌లౌగ్స్‌డోత్తిర్ 1980లలో ఐస్‌లాండ్ చిత్రాలలో ప్రముఖ నాయిక, తరువాత అదే నేషనల్ థియేటర్‌కు అధిపతి అయ్యారు. అంటే ఒకే ఇంటి గడపలో ఆ దేశపు అర్ధశతాబ్దపు నాటక చరిత్ర ఉంది.

నా వాదనకు అసలు ఆధారం మరొకటి. క్రిస్ట్‌బ్యోర్గ్ గారి భర్త గుద్ముండుర్ స్టెయిన్‌సన్, 1925 నుంచి 1996 వరకు జీవించిన ప్రసిద్ధ నాటకకర్త. ఆయన రాసిన ‘స్టుందార్ ఫ్రిదుర్’ అనే నాటకం 1979లో నేషనల్ థియేటర్‌లో ప్రదర్శితమై విశేషమైన ఆదరణ పొందింది; అందులో ఆమె నటించారు. ఆ నాటకం ఒక ఆధునిక కుటుంబానిది. టెలిఫోన్ మోగుతూనే ఉంటుంది, టెలివిజన్ వాగుతూనే ఉంటుంది, ఇంట్లోవాళ్లు వస్తూ పోతూ ఉంటారు, ఒకరి మాట ఒకరు వినే తీరిక ఎవరికీ ఉండదు. ఆ హడావుడిలో ముసలి తల్లిదండ్రులకు చోటు లేదు. ఈ విషయాన్ని మనసులో పెట్టుకొని ‘మమ్మా గోగో’ను మరోసారి చూడండి. 1979లో తీరికలేని కుటుంబపు కథలో వేదికమీద నిలిచిన నటి, 2010లో అలాంటి కుటుంబానికి బరువైపోయిన తల్లిగా తెరమీద కనిపిస్తున్నారు. ఆ పాత్రలోని నిబ్బరం ఒక్క సినిమా కోసం కొద్ది వారాలు సాధన చేసి తెచ్చుకున్నదని నేను నమ్మలేను. నాటకశాలలో ఏళ్లతరబడి, రాత్రివెంట రాత్రి ప్రేక్షకుల ఊపిరిని గమనిస్తూ సంపాదించుకున్నది.

చిన్న దేశాల్లో నటులకు జీతం ఇచ్చి పోషించే స్థిరమైన నాటకశాల ఉండటం ఎంత మేలు చేస్తుందో ఈమె జీవితం చూస్తే తెలుస్తుంది. సినిమా లేని కాలంలో కూడా నటన ఆగలేదు. మన వద్ద సురభి వారు కుటుంబాలుగా కలిసి బతుకుతూ, ఎవరి అండా లేకుండానే ఆ పని చేశారు. ప్రభుత్వ నాటకశాల అండ వారికి మొదటినుంచీ ఉండి ఉంటే ఎంతమంది నటీమణులు వృద్ధాప్యం వరకు వేదికమీద వెలిగేవారో కదా అనిపిస్తుంది.

ప్రశ్న అడిగినవారి స్పందన: పరిశీలకురాలు, రాజమహేంద్రవరం

ఇద్దరికీ హృదయపూర్వక కృతజ్ఞతలు. ‘హావిద్’లో వారిద్దరూ దంపతులని తెలిశాక ‘మమ్మా గోగో’లో భర్త కనిపించే దృశ్యాల అర్థమే నాకు మారిపోయింది. ఇంకొక సందేహం మిగిలింది. పాత చిత్రపు దృశ్యాలను కొత్త చిత్రంలో పాత్ర యౌవనంగా వాడుకోవడాన్ని మీరు ఎలా చూస్తారు? 1962 నాటి గోగో కథ విషాదంతో ముగుస్తుంది, రగ్నార్ చనిపోతాడు. మరి 2010 నాటి గోగో అతనిని పెళ్లిచేసుకొని పిల్లల్ని కన్నట్లు ఎలా అవుతుంది? దర్శకుడు పాత కథను వదిలేసి ముఖాలను మాత్రమే తీసుకున్నారా?

సమాధానం: పాత రీళ్లు

మీ సందేహం సరైనదే. కథాపరంగా చూస్తే రెండో గోగో మొదటి గోగో కాదు. ఫ్రిద్రిక్ థోర్ తన తల్లి జ్ఞాపకాల ఆధారంగా, తన స్వీయ అనుభవాలను కలుపుకొని ఈ చిత్రాన్ని తీశారు. కొడుకు పాత్ర వృద్ధుల మీద తీసిన చిత్రం ఆయన నిజంగా 1991లో తీసిన ‘బోర్న్ నాత్తురున్నార్’. కాబట్టి ఆయన పాత కథను కొనసాగించలేదు. ఆయనకు కావలసింది ఒక పడుచు జంట ఒకరినొకరు చూసుకునే చూపు. దానిని కొత్త నటులతో తీయడం సులువే, కాని ఆ ముఖంలోనే ఈ ముఖం ఉన్నదనే నమ్మకాన్ని ఏ మేకప్పూ కలిగించలేదు. తల్లి తన ప్రస్తుతాన్ని మరిచిపోతున్న కొద్దీ ఆ పాత దృశ్యాలు ప్రేక్షకుడికి నిజమైన గతంగా అనిపిస్తాయి, ఎందుకంటే అవి నిజంగానే ఆ నటి గతం. 1962లో ఆ చిత్రాన్ని యువతీయువకులుగా చూసిన ఐస్‌లాండ్ ప్రేక్షకులకు అది తమ సొంత యౌవనం కూడా. ఆ చిత్రంలోని, ఎల్లీ విల్హ్యాల్మ్స్ పాడిన పాట అక్కడ ఇప్పటికీ అందరికీ తెలిసిన పాటల్లో ఒకటి.

నాకు వృత్తిరీత్యా ఆసక్తి ఉన్న విషయం వేరు. ఈ ప్రయోగం సాధ్యమైంది పాత చిత్రం భద్రంగా ఉన్నందువల్లనే. ఉత్తరతీరం గారు చెప్పిన 1978 నాటి చట్టం చలనచిత్ర నిధిని మాత్రమే కాదు, జాతీయ చలనచిత్ర భాండాగారాన్ని కూడా స్థాపించింది. కొత్త సినిమాలు తీయడానికి డబ్బు ఇవ్వడం, పాత సినిమాలను కాపాడటం ఒకే చట్టంలో చోటుచేసుకోవడం గొప్ప దూరదృష్టి అని నేను భావిస్తాను. మన విషయం చూడండి. తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ 1932లో విడుదలైంది. అందులో లీలావతిగా నటించి, తెలుగు తెరకు తొలి నాయిక అయిన సురభి కమలాబాయి గారి నటనను ఈ తరంలో ఎవరమూ చూడలేము, ఆ చిత్రం ముద్రణే మిగలలేదు. ఆమె మీద ఎంత ప్రేమ ఉన్న దర్శకుడైనా ఫ్రిద్రిక్ థోర్ చేసిన పనిని ఆమె విషయంలో చేయలేడు. ఈ మాట రాస్తున్నప్పుడు నాకు నిజంగా బాధగా ఉంది.

పోలిక కోసం మరొక నటిని కూడా ప్రస్తావిస్తాను. పైన చెప్పిన ‘బోర్న్ నాత్తురున్నార్’ చిత్రంలో నాయిక సిగ్రిదుర్ హాగలీన్. పొలం వదిలి పట్నంలో కూతురి ఇంటికి వచ్చిన ఒక ముసలి రైతు, అక్కడ ఇమడలేక వృద్ధాశ్రమంలో చేరతాడు. అక్కడ తన చిన్ననాటి స్నేహితురాలు కనిపిస్తుంది. ఇద్దరూ ఒక జీపు దొంగిలించి, జనం ఎప్పుడో ఖాళీచేసిన తమ పుట్టిన తీరానికి పారిపోతారు. ఆస్కార్ విదేశీ భాషా చిత్రాల విభాగంలో నామినేషన్ పొందిన ఒకే ఒక్క ఐస్‌లాండ్ చిత్రం ఇది. సిగ్రిదుర్ కూడా ప్రధానంగా రంగస్థల నటే; 1926లో పుట్టి, ఈ చిత్రం విడుదలైన మరుసటి ఏడాది 1992లో మరణించారు. ప్రపంచం ఆమెను చూసింది ఈ ఒక్క పాత్రలోనే. ఆమెకన్నా తొమ్మిదేళ్లు చిన్నవారైన క్రిస్ట్‌బ్యోర్గ్ గారికి దక్కిన అదృష్టమల్లా, సినిమాలు తీయడం దేశానికి అలవాటైన కాలంలో ఆరోగ్యంగా, శక్తిమంతంగా ఉండటం. ప్రతిభలో ఎవరు ఎక్కువ అనే ప్రశ్నే ఇక్కడ తలెత్తదు.

అయితే రంగస్థల అభిమాని గారి వాదనలో ఒక భాగాన్ని నేను ఒప్పుకోలేను. నాటకం ఎంత గొప్పదైనా, తెరపడగానే అయిపోతుంది. 1979 నాటి ఆమె నటనను ఆనాడు ఆ నాటకశాలలో కూర్చున్నవారే చెప్పగలరు. కెమెరా లేని ఆ పద్దెనిమిదేళ్లు ఆమెకు నష్టం కాకపోవచ్చు, కాని మనకు తప్పకుండా నష్టమే. ఉత్తరతీరం గారి బాధ న్యాయమైనది.

సమాధానం: వృద్ధుల వైద్యసేవ, హనుమకొండ

నేను సినిమా విమర్శకుడిని కాను. జ్ఞాపకశక్తి కోల్పోయే వృద్ధులకు వైద్యం చేయడం నా పని. ఈ చర్చ చదివిన తరువాత ‘మమ్మా గోగో’ చూశాను. వృత్తిలో ఉన్నవాడిగా ఒకటి రెండు విషయాలు చెప్పాలనిపించింది.

ఈ వ్యాధిని తెరమీద చూపేటప్పుడు సాధారణంగా నటులు అయోమయాన్ని మాత్రమే నటిస్తారు. శూన్యంలోకి చూడటం, పేర్లు మరిచిపోవడం, చివరికి ఏమీ తెలియని పసిపిల్లలా మారిపోవడం. నిజానికి తొలి దశల్లో రోగి చేసే అతి పెద్ద పని దాచిపెట్టడం. మరిచిపోయిన సంగతిని చతురోక్తితోనో, కోపంతోనో, దర్జాతోనో కప్పిపుచ్చుతారు. అవతలివారు పట్టుకున్నారని తెలియగానే ముఖంలో భయం ఒక్క క్షణం మెరిసి, వెంటనే గర్వం దానిని మూసేస్తుంది. క్రిస్ట్‌బ్యోర్గ్ గారి నటనలో ఈ గర్వం మొదటినుంచి ఉంది. ఆమె గోగో ఎక్కడా జాలి అడగదు. పిల్లలమీద విసుక్కుంటుంది, హాస్యమాడుతుంది, తన ఇష్టాన్ని నెగ్గించుకోవాలని చూస్తుంది. వ్యాధి ముదిరినకొద్దీ ఆ గర్వం పూర్తిగా పోకుండా, అక్కడక్కడ మాత్రమే వెలుగుతూ మిగలడం నేను రోజూ చూసే సత్యం. వ్యక్తిత్వం ఒకేసారి కూలిపోదు, గదుల్లో దీపాలు ఒక్కొక్కటిగా ఆరిపోతాయి, ఒక్కోసారి ఆరిన గదిలో మళ్లీ వెలుగుతాయి కూడా.

చనిపోయిన భర్త కనిపించడం గురించి కూడా ఒక మాట. చిత్రంలో దానిని అందమైన కల్పనగా తీశారు, కాని ఈ స్థితిలో ఉన్న చాలామంది పెద్దవాళ్లు గతించిన భర్తతోనో, తల్లితోనో మాట్లాడటం మా అనుభవంలో ఉన్నదే. ఆ సమయంలో కుటుంబ సభ్యులు ‘ఆయన ఎప్పుడో పోయారు కదా’ అని సరిదిద్దితే, వారికి ఆ మరణవార్త ప్రతిసారీ కొత్తగా తగులుతుంది. అలా సరిదిద్దకుండా, ఆయన గురించి చెప్పమని అడిగితే మనసు కుదుటపడుతుంది. ఈ చిత్రాన్ని రోగుల కుటుంబాలకు చూపించాలని నేను అనుకుంటున్నది ఇందుకే. తెలుగులో ఉపశీర్షికలు ఎవరైనా తయారుచేయగలిగితే చాలా మేలు చేసినవారవుతారు.

సమాధానం: ఉత్తరతీరం

పాత రీళ్లు గారికీ, డాక్టరు గారికీ ధన్యవాదాలు. రంగస్థల అభిమాని గారి మాటను నేను కాదనను. నాటకం ఆమెను నిలబెట్టిందన్నది నిర్వివాదం. ‘మమ్మా గోగో’లోని నటనకు ఆమెకు ఉత్తమ నటిగా ఎద్దా పురస్కారం వచ్చిందనీ, ఆ చిత్రాన్ని ఐస్‌లాండ్ తన అధికారిక ప్రవేశంగా ఆస్కార్‌కు పంపిందనీ పైన చెప్పడం మరిచాను.

పరిశీలకురాలు గారు ఏవి చూడాలని అడిగారు కనుక, నా సలహా ఇది. విడుదలైన క్రమంలోనే చూడండి, ముందు 1962 నాటి చిత్రం. నలుపు తెలుపు రేక్యావిక్ వీధులూ, అప్పటి టాక్సీలూ, ఉత్తరాదికి పోయే మట్టిరోడ్లూ చూడటానికే ఆ చిత్రం విలువైనది. తరువాత ‘మౌవహ్లౌతుర్’, ఆపైన ‘హావిద్’. ‘హావిద్’లో పాత్రలు ఎక్కువ; ఎవరు ఎవరికి ఏమవుతారో మొదటి పావుగంటలోనే తేలిపోతుంది కనుక ఆ భాగాన్ని శ్రద్ధగా చూడాలి. క్రిస్ట్‌బ్యోర్గ్ గారి పాత్రకు అందులో మాటలు తక్కువ, అందుచేత భోజనాల బల్ల దగ్గరి దృశ్యాల్లో మాట్లాడేవారిని కాకుండా ఆమెను గమనించండి. ఈ మూడింటిలో చివరి రెంటిలోనూ కనిపించే హిల్మిర్ స్నేర్ గుద్నసన్ అనే నటుడే ‘మమ్మా గోగో’లో కొడుకు. ‘హావిద్’లో ఆమె అతనికి పినతల్లి, పైగా సవతి తల్లి, ఎనిమిదేళ్ల తరువాత కన్నతల్లి. ఆ వరుసలో చూసి, నాలుగోదిగా ‘మమ్మా గోగో’ను మళ్లీ పెట్టుకుంటే, మీరు మొదటిసారి చూసిన చిత్రం మీకు మరో చిత్రంగా కనిపిస్తుందని నా నమ్మకం. చూశాక ఇక్కడ రాయండి, ముఖ్యంగా ‘హావిద్’ ముగింపు మీద మీ అభిప్రాయం వినాలని ఉంది.